పారవేసినవి, పక్కన పెట్టినవి: సి.పి. బ్రౌన్ సేకరణపై పునర్విచారం

ప్రవేశిక

చార్లెస్ ఫిలిప్ బ్రౌన్ (1798–1884) పేరు వినగానే తెలుగు సాహిత్య విద్యార్థి మనసులో ఒక చిత్రం మెదులుతుంది. అటకల మీద చెదలు తింటున్న తాటాకు కట్టలను ఒక ఒంటరి దొర ఏరి తెచ్చాడు; సొంత డబ్బుతో పండితులను పోషించాడు; అప్పుల పాలైనా వెనుదీయక ఆ గ్రంథాలకు శుద్ధప్రతులు రాయించి ఒక సాహిత్యాన్ని బతికించాడు. ఈ చిత్రానికి మొదటి రేఖలు గీసినవాడు బ్రౌనే. 1825 నాటికి తెలుగు సాహిత్యం ప్రాణం పోయిన స్థితిలో ఉందని, ముప్పై ఏళ్లలో తాను దానిని తిరిగి లేపి నిలబెట్టానని అతడు చెప్పుకొన్నాడు. తరువాతి సాహిత్య చరిత్రకారులలో చాలామంది కృతజ్ఞతతో ఆ మాటను స్వీకరించారు. కృతజ్ఞత న్యాయమైనదే. అయితే ఒక సేకర్త తన సేకరణను గురించి చెప్పిన మాటను ఆ సేకరణకు నిర్వచనంగా తీసుకోవచ్చునా అన్నది వేరే ప్రశ్న. బ్రౌన్ ఏరుకొన్న వస్తువులు ఏ అర్థంలో త్యాజ్యాలు, వాటిని త్యాజ్యాలుగా నిర్ణయించినవారు ఎవరు, ఏరిన చేతులు ఎన్ని అనే మూడు ప్రశ్నలను ఈ వ్యాసం పరిశీలిస్తుంది.

త్యాజ్యం అనే మాటకు రెండర్థాలు

పనికిరానిదని పారవేసిన వస్తువు ఒకటి. తగనిదని పక్కన పెట్టిన వస్తువు మరొకటి. మొదటిదానికి శత్రువులు చెద, తేమ, అజాగ్రత్త. రెండవదానికి శత్రువు ఒక అభిరుచి, ఒక శాస్త్రం, ఒక పండిత వర్గం చేసిన తీర్పు. మొదటిది శిథిలమై పోతుంది. రెండవది శిష్టుల గ్రంథాలయంలో చోటు లేకపోయినా జనం నోట నిక్షేపంగా బతకవచ్చు. బ్రౌన్‌ను ఉద్ధారకుడిగా చూపే కథనం ఈ రెంటినీ కలిపివేసి అన్నిటినీ మొదటి కోవలోనే చేర్చింది. దీనివల్ల సాహిత్యాన్ని కాపాడుకోలేని జనం ఒకవైపు, కాపాడిన పరాయి అధికారి మరొకవైపు మిగిలారు. నడుమ జరిగిన తీర్పులు, వాటిని ధిక్కరించిన పఠనాలు, పాటలు కనుమరుగయ్యాయి.

పాశ్చాత్య విమర్శలో ఈ విషయానికి ఒక ప్రసిద్ధమైన ప్రతీక ఉంది. 1857లో వెలువడిన బోదిలేర్ కవితా సంపుటిలో పారిస్ వీధులలో చిత్తు ఏరుకొనేవారి మీద ఒక కవిత ఉంది. మహానగరం విసర్జించినదాన్ని ఏరి, వర్గీకరించి, దాచే ఆ ఒంటరి మనిషిలో వాల్టర్ బెన్యమిన్ ఆధునిక కవికి పోలికను చూశాడు. తెలుగువారికి ఇంతకన్నా దగ్గరి పోలిక పొలంలోనే ఉంది. కోత అయిపోయిన మడిలో రాలిన వెన్నులను ఏరుకొనడాన్ని పరిగె ఏరడం అంటారు. ఉంఛవృత్తి అని దానినే ధర్మగ్రంథాలు గౌరవించాయి. మహాభారతంలోని సక్తుప్రస్థుడి కుటుంబం బతికింది ఆ వృత్తి మీదనే. పరిగె ఏరేవాడికి రెండు విషయాలు తెలుసు. ఆ పొలంలో తనకు ముందు పంట పండింది. పండించిన రైతు వేరే ఉన్నాడు. ఉద్ధారకుడనే మాటలో ఈ రెండు తెలివిడులూ లోపిస్తాయి. బ్రౌన్ కృషికి పరిగె అనే పోలిక ఎంతవరకు సరిపోతుందో, ఎక్కడ సరిపోదో చూడటం ఈ విచారణకు ఉపకరిస్తుంది.

లండన్‌లో మూలపడిన తాటాకులు

నిజంగా పారవేసినవని చెప్పదగిన వస్తువులు బ్రౌన్‌కు తెలుగు పల్లెలలో కంటె లండన్ నగరంలోనే ఎక్కువగా కనిపించాయనడం విడ్డూరంగా తోచవచ్చు. 1834లో సెలవు మీద ఇంగ్లండు వెళ్లిన బ్రౌన్, ఈస్టిండియా కంపెనీ ప్రధాన కార్యాలయమైన ఇండియా హౌస్ గ్రంథాలయంలో దక్షిణ భారత భాషల వ్రాతప్రతులు దిక్కులేక పడి ఉండటం గమనించాడు. 1811లో మరణించిన జాన్ లేడెన్ సేకరించిన గ్రంథాలవి. కంపెనీ వాటిని కొన్నది. ఓడ మీద తెప్పించింది. అక్కడితో దాని ఆసక్తి తీరిపోయింది. ఆ మహానగరంలో ఆ లిపులను చదవగలవారు దాదాపు లేరు. బ్రౌన్ వాటిని గుర్తించి, పట్టిక వేసి, విల్సన్ సహకారంతో వాటిని మద్రాసుకు తిరిగి పంపించే ఏర్పాటు చేశాడు. ఆ గ్రంథాల సంఖ్య 2106 అని ప్రసిద్ధి.

ఈ ఉదంతం ఉద్ధరణ కథనాన్ని తలక్రిందులు చేస్తుంది. తెలుగు గ్రంథాన్ని అనాథను చేసింది ఇక్కడ తెలుగువారి అలసత్వం కాదు. గ్రంథాన్ని దాని పాఠకుల నుంచి వేరుచేసిన సేకరణే దానిని అనాథను చేసింది. తాటాకు గ్రంథం భద్రంగా ఉండటానికి ఆధారం గోడలు కావు. దాన్ని మళ్లీ మళ్లీ రాసే లేఖకుడు. ఆకు చివికేలోపు కొత్త ఆకు మీదికి పాఠం మారడమే ఆ సంస్కృతిలో గ్రంథ సంరక్షణ. లేఖకుడు లేని చోట ఎంత మంచి గ్రంథాలయమైనా ఆ ఆకులకు గిడ్డంగే అవుతుంది. బ్రౌన్ ఈ సంగతిని గ్రహించాడనడానికి అతడు వాటిని లండన్‌లోనే ఉంచి పేరు తెచ్చుకొనక మద్రాసుకు మళ్లించడం ప్రబలమైన సాక్ష్యం. అతని చర్యలలో దూరదృష్టి గలది ఇదేననిపిస్తుంది.

వేమన, ద్విపద, జంగమ వాఙ్మయం

పల్లెలలో బ్రౌన్ ఏరినవాటి స్వభావం వేరు. 1820లో కడపలో ఉద్యోగంలో చేరి, తరువాత మచిలీపట్నంలో పనిచేస్తున్న కాలంలో, అబె దుబాయి గ్రంథం ద్వారా వేమన పేరు అతని దృష్టికి వచ్చింది. ఆ తరువాత అతడు వేమన పద్యాల ప్రతులను వెదకి తెప్పించి, 1829లో 693 పద్యాలను ఆంగ్లానువాదంతో ప్రకటించాడు. పండితులు వేమనను కవిగా లెక్కించకపోవడం వాస్తవం. కాని వేమన ఎవరికీ తెలియనివాడు కాడు. రైతులు, జంగాలు, బడిపిల్లలు ఆ పద్యాలను కంఠస్థంగా కలిగి ఉన్నారు. వేమన పండితులు పక్కన పెట్టిన కవి. పోయిన కవి కాడు. కనుక బ్రౌన్ చేసిన పనిని నోటి నుంచి అచ్చుకు, ఒక వర్గం నుంచి మరొక వర్గానికి జరిగిన బదిలీగా చూడటం ఉచితం.

ఆ బదిలీ ఎంత విలువైనదో అంత నిర్ణయాత్మకమైనది కూడ. 1839 ముద్రణలో పద్యాల సంఖ్య 1164కు పెరిగింది. ఈ రెండు సంఖ్యల మధ్య తేడా 471. పదేళ్లలో వేమన కొత్తగా రాసినవి కావవి. మొదటిసారి అందనివో, అందినా పక్కన పెట్టినవో అయి ఉండాలి. అంటే సేకర్త చేతిలోనూ ఒక జల్లెడ ఉంది. పండితుల జల్లెడను పట్టించుకొన్నంతగా బ్రౌన్ జల్లెడను విమర్శకులు పట్టించుకోలేదు. నీతి, వేదాంతం, అధిక్షేపం మొదలైన పాశ్చాత్య పాఠకుడికి అనువైన విభాగాలలో వేమనను అమర్చిన పద్ధతి తరువాతి సంకలనాలపైన ఎంత ప్రభావం చూపిందో విడిగా పరిశోధించవలసిన అంశం.

ద్విపద విషయంలోనూ ఇదే ధోరణి కనిపిస్తుంది. చంపూ కావ్యాన్ని ఉత్తమంగా భావించిన విద్వల్లోకంలో ద్విపదకు గౌరవం తక్కువ. అయినా బ్రౌన్ 1840ల ప్రారంభంలో రాఘవుడి నలచరిత్రను, గౌరన హరిశ్చంద్రను ప్రకటనకు ఎన్నుకొన్నాడు. భాష నేర్చుకొనేవారికి ద్విపద సులభమనే ప్రయోజన దృష్టి ఈ ఎంపికలో ఉంది. జంగమ మతం, ఆచారాలు, సాహిత్యం మీద 1840లో అతడు ప్రకటించిన వ్యాసం వీరశైవ వాఙ్మయాన్ని ఆంగ్ల పాఠకుల ముందు పెట్టింది. వేమన, ద్విపద, బసవ సాహిత్యం అనే మూడింటిలోనూ ఒక పోలిక ఉంది. మూడూ జనంలో సజీవంగా ఉంటూ పండిత పరిషత్తులో చోటు దొరకనివి. తాను మృతసాహిత్యానికి ప్రాణం పోశానన్న బ్రౌన్ మాటకు అతని ఉత్తమమైన ఎంపికలే విరుద్ధ సాక్ష్యం చెబుతున్నాయి.

కడప సీమలోనే దీనికి సమాంతరమైన ఉదాహరణ ఉంది. మైదుకూరు సమీపంలోని కందిమల్లాయపల్లె నేడు బ్రహ్మంగారిమఠంగా ప్రసిద్ధం. పోతులూరి వీరబ్రహ్మంగారి తత్త్వాలు, కాలజ్ఞానం ఆ ప్రాంతంలో భజన బృందాల గొంతులో తరతరాలుగా నిలిచాయి. వాటిని నిలబెట్టింది గ్రంథాలయం కాదు, గానం. ఏ సేకర్త రాకకూ ఎదురుచూడని సంరక్షణ వ్యవస్థ ఒకటి బ్రౌన్ కచేరీకి కొద్ది ఆమడల దూరంలోనే పనిచేస్తూ ఉన్నదని దీనివల్ల తెలుస్తుంది.

గ్రామ్యం అనే బుట్ట

గ్రంథాల కంటె సూక్ష్మమైన త్యాజ్య వస్తువు మాట. బ్రౌన్ సేకరణలో అత్యంత ఫలవంతమైన భాగం ఇదేనని ఈ వ్యాసం ప్రతిపాదన. 1852లో వెలువడిన తెలుగు–ఆంగ్ల నిఘంటువులో కావ్యభాషతో పాటు వాడుక మాటలకూ చోటు దొరికింది. అదే ఏడాది వచ్చిన జిల్లా నిఘంటువు కచేరీ వ్యవహారంలోని పదాలను వివరించింది. 1854 నాటి మిశ్రభాషా నిఘంటువు తెలుగులో కలిసిపోయిన అన్యదేశ్యాలను చేర్చింది. ఉర్దూ, పారశీకం, ఇంగ్లీషు నుంచి వచ్చి రైతు నోటికి, కరణం కలానికి అలవాటైన మాటలవి.

ఈ పని జరిగిన కాలాన్ని గుర్తు చేసుకొంటే దాని విలువ తెలుస్తుంది. 1853లో పరవస్తు చిన్నయసూరి నీతిచంద్రిక, 1858లో బాలవ్యాకరణం వెలువడ్డాయి. గ్రామ్యం అనే పారిభాషికం కింద వాడుక రూపాలను ఒక బుట్టలో వేసి పక్కన పెట్టే సంప్రదాయం ఆ దశాబ్దంలోనే స్థిరపడింది. 1885లో బహుజనపల్లి సీతారామాచార్యుల శబ్దరత్నాకరం కవిప్రయోగమే ప్రమాణంగా వచ్చింది. ఒక చేయి మాటలను బుట్టలో వేస్తుండగా అదే మద్రాసు నగరంలో మరొక చేయి ఆ బుట్టలోంచి ఏరుతూ వచ్చింది. కరణాల వచనానికి, పండితుల వచనానికి మధ్య గల భేదాన్ని వెల్చేరు నారాయణరావు విపులంగా చర్చించారు. ఆ చర్చ వెలుగులో చూస్తే మిశ్రభాషా నిఘంటువు కరణాల భాషకు దక్కిన తొలి విస్తృత నమోదులలో ఒకటిగా కనిపిస్తుంది.

అయితే ఇక్కడ పరిగె అనే పోలిక కొంత తడబడుతుంది. పరిగె ఏరేవాడు తన ఆకలికి ఏరుతాడు. జిల్లా నిఘంటువు కంపెనీ అవసరానికి ఏరినది. పన్నులు, భూమి హక్కులు, వ్యాజ్యాలు నడిపే అధికారికి ఏ మాట కావాలో ఆ మాట అందులో చేరింది. నాగలి చుట్టూ, మగ్గం చుట్టూ, వంటింట్లో తిరిగే మాటలకు ఆ కొలత చాలదు. పండితుడి జల్లెడకు కావ్యగౌరవం ప్రమాణమైతే అధికారి జల్లెడకు పరిపాలన ప్రమాణం. రెండు జల్లెడల నుంచీ జారిపోయిన మాటలు తరువాతి తరాల వృత్తిపదకోశాల దాకా నిరీక్షించవలసి వచ్చింది.

ఒంటరి మనిషి, నిండిన బంగళా

బ్రౌన్ అవివాహితుడు. ఉద్యోగంలో పై అధికారులతో పొసగక ఒడిదుడుకులు పడ్డాడు. 1855లో లండన్ చేరి చివరి మూడు దశాబ్దాలు తెలుగు మాట వినిపించని నగరంలో తన రచనలను సరిదిద్దుకొంటూ గడిపాడు. వ్యక్తిగా అతడు ఒంటరి అనడంలో సందేహం లేదు. సేకర్తగా మాత్రం అతడు ఒంటరి కాడు. కడపలో కొన్న బంగళాలో అతడు సొంత ఖర్చుతో పండితులను, లేఖకులను నియమించాడు. ఆ వ్యవస్థను చూసుకొన్నవాడు అయోధ్యాపురం కృష్ణారెడ్డి. వేమన పద్యాల పనిలో వఠ్యం అద్వైతబ్రహ్మయ్య, తిప్పాభట్ల వెంకటశివశాస్త్రి తోడ్పడ్డారు. 1844లో వచ్చిన వసుచరిత్రకు, 1851లో వచ్చిన మనుచరిత్రకు వ్యాఖ్య సమకూర్చినవాడు జూలూరి అప్పయ్య.

ఒక గ్రంథానికి దొరికినన్ని ప్రతులు తెప్పించడం, పాఠాంతరాలను ఎదురెదురుగా చూపించడం, శుద్ధప్రతి రాయించడం అతని పద్ధతి. ప్రతి మెట్టులోనూ సేకర్త కన్నా పండితుడి చెవి, లేఖకుడి చేయి ముందు పనిచేశాయి. ఏ పాఠంలో యతి చెడింది, ఏది లేఖక దోషం అన్న నిర్ణయం వారిది. వేమనను లెక్కించని పండిత వర్గానికి చెందినవారే వేమన పద్యాలను పరిష్కరించడం ఇందులోని ఒక వైరుధ్యం. పద్యం అచ్చులోకి వచ్చేటప్పుడు ఛందస్సు, భాష ఎంత చక్కబడ్డాయో, ఆ చక్కబాటులో నోటి పాఠం ఎంత పోయిందో తేల్చాలంటే అచ్చుప్రతితో పాటు వారి పని కాగితాలను కూడా చదవాలి.

ఈ చేతులు గ్రంథసూచికలలో కనిపించవు. విలియం టేలర్ 1857–62 మధ్య మూడు సంపుటాలుగా వెలువరించిన వ్రాతప్రతుల వివరణ సూచిక మద్రాసులోని గ్రంథాలను ఈస్టిండియా హౌస్, బ్రౌన్, మెకంజీ అనే మూడు సేకరణలుగా విభజించింది. 1869లో ఏర్పడిన ప్రాచ్య లిఖిత గ్రంథాలయానికి ఇవే పునాది. మూడు పేర్లలో ఒకటి భవనానిది, రెండు అధికారులవి. ఏ ఊరి నుంచి, ఏ ఇంటి నుంచి ఆ కట్ట వచ్చిందో, రాసిన లేఖకుడు ఎవరో ఆ విభాగాల పేర్లు చెప్పవు. తాటాకు గ్రంథం చివర లేఖకుడు సంవత్సరం, తిథి, తన పేరు, ఊరు రాసుకొనే ఆచారం ఉంది. తన పొలం హద్దులను ఆ నాలుగు మాటలలో ఆకు చెప్పుకొంటుంది. సేకర్త పేరుతో వేసిన ముద్ర ఆ హద్దులను కప్పివేసింది.

కాలిన్ మెకంజీ (1754–1821) కోసం కావలి సోదరులు, వారి సహచరులు సేకరించిన కైఫీయత్తులు ఈ విషయంలో భిన్నమైనవి. వాటిలో ఊరి పేరే శీర్షిక. చెదలకు లోనవుతున్న ఆ స్థానిక చరిత్రలకు బ్రౌన్ మళ్లీ ప్రతులు రాయించాడు. కడప జిల్లా కైఫీయత్తులు సంపుటాలుగా కడపలోనే అచ్చు కావడం ఊరి నుంచి వెళ్లిన మాట ఊరికి తిరిగి వచ్చిన సందర్భం.

పారవేయని జాబులు

మనిషి సులభంగా చించి పారవేసే కాగితం జాబు. పని తీరిన తరువాత దానికి విలువ లేదు. బ్రౌన్ తనకు వచ్చిన తెలుగు జాబులను పారవేయక సంపుటాలుగా కట్టించి ఉంచాడు. నూరేళ్లకు పైగా ఆ సంపుటాలు మద్రాసులో దాదాపు ఎవరూ విప్పకుండా పడి ఉన్నాయి. వాటి విలువను గుర్తించినవాడు నెల్లూరుకు చెందిన బంగోరె, అంటే బండి గోపాలరెడ్డి (1938–1982). 1969లో కన్యాశుల్కం తొలి కూర్పును వెలికితెచ్చి ప్రకటించిన ఈ పరిశోధకుడు, మరుగున పడిన కాగితాన్ని ఏరడంలో బ్రౌన్‌కు నిజమైన వారసుడు. బ్రౌన్ జాబుల నుంచి 1832–1857 మధ్య కాలపు తెలుగు పత్రికల చరిత్రను అతడు పునర్నిర్మించాడు. జి.ఎన్. రెడ్డితో కలిసి బ్రౌన్ సాహిత్య స్వీయచరిత్రను 1978లో శ్రీవేంకటేశ్వర విశ్వవిద్యాలయం ద్వారా వెలువరించాడు.

బంగోరె ఏరినది బ్రౌన్ ఏరినదానికి కొనసాగింపు మాత్రమే కాదు, దానికి సవరణ కూడ. జాబులో పండితుడు తన సొంత గొంతుతో మాట్లాడతాడు. శుద్ధప్రతిలో మాయమైన మనిషి జాబులో తిరిగి ప్రత్యక్షమవుతాడు. వ్యాకరణం అంగీకరించని వాడుక వచనం అతని కలం నుంచే జారుతుంది. బ్రౌన్ సంపాదించిన కావ్యాల శుద్ధప్రతులకు తరువాతి ముద్రణలు, ఇతర ప్రతులు ప్రత్యామ్నాయంగా ఉన్నాయి. ఆ జాబులకు లేవు. సేకర్త ప్రధానమని భావించి దాచినవాటి కంటె అలవాటుగా దాచిన కాగితం తరువాతి చరిత్రకు ఎక్కువ పలికింది.

ముగింపు

కడపలో బ్రౌన్ బంగళా శిథిలమైన చోట, జానమద్ది హనుమచ్ఛాస్త్రి పట్టుదలతో లేచిన గ్రంథాలయం ఇప్పుడు యోగి వేమన విశ్వవిద్యాలయంలో భాగంగా భాషా పరిశోధన కేంద్రమై ఉంది. మైదుకూరు, ప్రొద్దుటూరు, జమ్మలమడుగు ప్రాంతాల ఇళ్లలో ఇప్పటికీ కరణాల లెక్కలు, భజన పుస్తకాలు, వీధినాటకాల రాతప్రతులు, జాబుల కట్టలు ఉన్నాయి. ఇల్లు మారినప్పుడు, పెద్దవారు పోయినప్పుడు అవి పాతకాగితాల కొట్టుకు చేరుతున్నాయి. వాటిని ఏరడానికి మరొక బ్రౌన్ రావాలని కోరుకోవడం ఉద్ధరణ కథనాన్ని పొడిగించడమే అవుతుంది.

పై పరిశీలన వల్ల మూడు నిర్ణయాలకు రావచ్చు. ఒకటి: బ్రౌన్ ఏరినవాటిలో ఉత్తమమైనవి పోయినవి కావు, పక్కన పెట్టినవి. అందుచేత అతని ఘనత ప్రాణం పోయడంలో కంటె తీర్పును తిరగదోడటంలో ఉంది. రెండు: ప్రతి సేకరణా మరొక జల్లెడే. పండితుడు వదిలినది అధికారి ఏరాడు; అధికారి వదిలినది తరువాతివారు ఏరాలి. మూడు: సేకరించిన వస్తువుతో పాటు దాని ఊరు, ఇచ్చిన ఇల్లు, రాసిన చేయి, ఎన్నిక చేసిన కారణం నమోదు కాకపోతే, భద్రపరచినదే మరొక విధంగా పారవేసినదవుతుంది. ఇండియా హౌస్‌లో మూలపడిన తాటాకులే అందుకు సాక్ష్యం. పరిగె ఏరినవాడు వెన్నులతో పాటు పొలం పేరు కూడా చెప్పగలగాలి. బ్రౌన్ సేకరణను మళ్లీ చదవవలసిన పరిశోధకుడి మొదటి పని, ఆ పొలాల పేర్లను లేఖకుల గద్యలలోను, జాబులలోను వెదకి సూచికలలోకి ఎక్కించడం.